విరిగిన కడియం, పోయిన అక్షరం

ఊహాలోకాల చరిత్ర – 9

ఒక వెండి కడియం. బయటివైపు అలల్లా గీసిన నగిషీ, చుట్టూ తొమ్మిది రంధ్రాలు, లోపలివైపు తొమ్మిది అక్షరాలు. ఒకనాటి పోరులో అది రెండు ముక్కలైంది. ఒక్కో ముక్క మీద నాలుగేసి అక్షరాలు చెక్కుచెదరకుండా మిగిలాయి. విరుగు మాత్రం తొమ్మిదో అక్షరం మీదుగా పోయింది. మిగిలిన ఎనిమిదింటినీ మాంత్రికులు ఎరుగుదురు, శిష్యులకు నేర్పుతారు. తొమ్మిదోదాన్ని ఎలా రాయాలో తెలిసినవాళ్లు లేకుండా పోయారు. దేశాలను ఒక్కటిగా కట్టి ఉంచేది ఆ అక్షరమే. దాని నీడన కూర్చోని రాజు చక్కగా ఏలలేడని ఆ లోకంలో నమ్మకం. అది పోయాక హావ్నార్ నగరంలో గొప్ప రాజు అనదగినవాడు నిలవలేదు. చిన్న దొరలు వచ్చారు, నియంతలు వచ్చారు, దీవికీ దీవికీ మధ్య యుద్ధాలు వచ్చాయి.

ఆ లోకం పేరు ఎర్త్‌సీ. దాన్ని కల్పించింది అమెరికన్ రచయిత్రి ఉర్సులా కె. లె గ్విన్. ఊహాలోకాల కథల్లో వింత లిపి తరచుగా అట్టమీద అందానికో, పాతకాలపు వాసన తెప్పించడానికో వస్తుంది. ఎర్త్‌సీలో రాత అలాంటిది కాదు, అక్కడి చరిత్రను నడిపేదే రాత. ఒక్క అక్షరం చెరిగితే ఒక నాగరికత ఎలా చీలిపోయింది, అది మళ్లీ దొరికాక కూడా ఆ చీలిక వెంటనే ఎందుకు మానలేదు అన్నది ఈ వారం మన కథ.

లె గ్విన్ 1929 అక్టోబర్ 21న కాలిఫోర్నియాలోని బర్క్‌లీలో పుట్టారు. తండ్రి ఆల్‌ఫ్రెడ్ క్రోబర్ పేరున్న మానవశాస్త్రవేత్త. కాలిఫోర్నియా ఆదిమజాతుల భాషలనూ కథలనూ ఆచారాలనూ నమోదు చేయడంలో ఆయన జీవితం గడిచింది. తల్లి థియొడోరా క్రోబర్ 1961లో ఇషీ జీవితాన్ని పుస్తకంగా రాశారు. తెల్లవాళ్ల దాడుల్లో నశించిపోయిన యాహీ జాతిలో చివరివాడుగా మిగిలి 1911లో అడవి విడిచి బయటికి వచ్చిన మనిషి ఇషీ. మ్యూజియంలోనే ఉంటూ 1916లో కన్నుమూశాడు. తన అసలు పేరు చివరిదాకా ఎవరికీ చెప్పలేదు. అప్పటికి ఉర్సులా ఇంకా పుట్టలేదు. ఎర్త్‌సీలో ప్రతి మనిషీ తన నిజనామాన్ని ప్రాణంలా దాచుకుంటాడు, ఎంతో నమ్మినవాళ్లకు తప్ప చెప్పడు. ఇషీ కథ చదివినవాళ్లకు ఈ ఆచారం గాలిలోంచి పుట్టిందని అనిపించదు.

1964లో ‘ఫెంటాస్టిక్’ పత్రికలో వచ్చిన రెండు చిన్న కథల్లో ఈ దీవులు మొదటిసారి కనిపించాయి. తరవాత బర్క్‌లీలోని పార్నసస్ ప్రెస్ అనే చిన్న ప్రచురణ సంస్థ యజమాని, ఎదిగే పిల్లల కోసం ఒక నవల రాయమని ఆమెను అడిగాడు. ఆమె ముందు పటం గీసుకున్నారు: వందల దీవులు, చుట్టూ సముద్రం, ఎక్కడా ఖండమన్నది లేదు. ఆ పటం మీద నడిచిన కథ 1968లో ‘ఎ విజర్డ్ ఆఫ్ ఎర్త్‌సీ’గా వచ్చింది. మాంత్రికులకు ఒక బడి, అందులో అహంకారంతో తప్పటడుగు వేసిన కుర్రాడు గెడ్. హ్యారీ పోటర్ పుట్టడానికి దాదాపు ముప్పై ఏళ్ల ముందే ఆ బడి రోక్ దీవిలో నడుస్తోంది. కడియం కథ మాత్రం రెండో నవలది. 1971లో వచ్చిన ఆ పుస్తకం ‘ది టూంబ్స్ ఆఫ్ అటువాన్’.

అక్కడి రాత సంగతి తెలియకపోతే కడియం విలువ మనకు తెలియదు.

ఎర్త్‌సీ పురాణంలో సెగోయ్ అనేవాడు దీవులను వాటి పేర్లు పలికి సముద్రంలోంచి పైకి లేపాడు. ఆ పేర్లు ఏ భాషలోవో అదే ఆదిభాష. డ్రాగన్లకు అది పుట్టుభాష, మాంత్రికులకు కష్టపడి నేర్చుకోవాల్సిన విద్య. ఆ భాషలో మనిషి అబద్ధం ఆడలేడు, డ్రాగన్ ఆడగలదు. ఆదిభాషను రాసే అక్షరాలే నిజ రూన్‌లు. ఆ అక్షరం రాయడమంటే ఆ పని చేయడమే. మామూలు జనం మాట్లాడే హార్డిక్ భాషకు వేరే అక్షరాలున్నాయి. జమాఖర్చులకూ ఉత్తరాలకూ పాలనకూ పాటలకూ కథలకూ అవే వాడతారు. ఆ భాష నోటితో అన్నా చేత్తో రాసినా మంత్రం పారదు. బడిలో గడిపే కొద్ది ఏళ్లలో పిల్లలు కొన్ని వందల నుంచి కొన్ని వేల దాకా ఆ అక్షరాలు నేర్చుకుంటారు.

రూన్ అనే పేరు ఉత్తర ఐరోపాది. జర్మానిక్ జాతులు కర్ర మీద, రాయి మీద, ఎముక దువ్వెనల మీద చెక్కిన పాత వర్ణమాలకు ఆ పేరు. అందులో తొలినాటి రూపానికి 24 అక్షరాలు. లె గ్విన్ తీసుకున్నది పేరు మాత్రమే. ఎర్త్‌సీ అక్షరం ధ్వనికి గుర్తు కాదు, ఒక మాటకు గుర్తు. వేల సంఖ్యలో ఉండే అలాంటి అక్షరాలు మనకు తెలిసినంతలో చైనావాళ్లవి. క్రోబర్ గారింట్లో లావోజు గ్రంథం ఉండేది. తండ్రి దాన్ని పదే పదే తిరగేయడం చూస్తూ పెరిగిన ఆ కూతురు 1997లో తానే దాన్ని ఇంగ్లీషులో తన మాటల్లో వెలువరించారు. ఎర్త్‌సీ అక్షరాల అసలు చుట్టరికం ఉత్తర ఐరోపా కంటే తూర్పు ఆసియాతోనే ఎక్కువని నా అభిప్రాయం.

నిజ రూన్‌లను నేర్పడంలో ఒక చిక్కుంది. రాస్తే జరిగిపోయే అక్షరాన్ని పిల్లవాడి చేత దిద్దించడం ఎలా? లె గ్విన్ దీనికి చాలా అందమైన విరుగుడు చెప్పారు. శిష్యులు మొదట నేర్చే ‘ఆరువందల హార్డిక్ రూన్‌లు’ పేరుకే హార్డిక్‌వి. నిజానికి అవి నిజ రూన్‌లే, వాడుకభాషలో ప్రమాదం లేని పేర్లు పెట్టి వాటిని నిద్రపుచ్చారు. ఆదిభాషలో వాటి అసలు పేర్లను నోరు విప్పకుండా మనసులోనే వల్లె వేసుకోవాలి. గాంట్ దీవిలో మంచు కురిసే చలికాలమంతా గురువు ఓగియన్ ఇంట్లో కుర్రవాడు గెడ్ కుస్తీ పట్టింది వీటితోనే. ఆ ఆరువందల తరవాత ఇంకా ఉన్నాయి. ఆదిభాషకు అంతు లేదు కాబట్టి అక్షరాలకూ లేదు.

కొన్ని నిజ రూన్‌లు జనంలోకి దిగిపోయాయి. పిర్ అనేది నిప్పు నుంచీ గాలి నుంచీ పిచ్చి నుంచీ కాపాడుతుంది. సిఫ్ల్ ప్రయాణం చక్కగా సాగమని, సిమ్న్ పని చక్కగా జరగమని. మన ఊళ్లలో బీజాక్షరాలు గీసిన రాగిరేకును తాయెత్తులో చుట్టి పిల్లల మొలకు కట్టినట్టే, అక్కడివాళ్లు వీటిని రోజువారీ బతుకులో వాడేస్తారు. చదువుకున్న మాంత్రికుడు మాత్రం వాటిని కూడా జాగ్రత్తగా పలుకుతాడు. ఎంత అరిగిపోయినా అవి ఆదిభాష మాటలే, ఎప్పుడు ఏ పని చేస్తాయో చెప్పలేం.

ఈ వివరాల్లో చాలాభాగం 2001 నాటి ‘టేల్స్ ఫ్రమ్ ఎర్త్‌సీ’ చివర ఆమె చేర్చిన పెద్ద వ్యాసంలో ఉన్నాయి. లేని దేశపు జనాల గురించీ భాషల గురించీ రాతల గురించీ రాజవంశాల గురించీ, స్వయంగా వెళ్లి చూసి వచ్చినట్టు, ఒక మానవశాస్త్రవేత్త నివేదికలా ఆమె రాసుకుపోతారు. తండ్రి రాతబల్ల పక్కన పెరిగిన పిల్లకే చేతనయ్యే పని అది.

ఇప్పుడు కడియం దగ్గరికి వద్దాం. తొలి రాజుల్లో ఒకడైన మొరెడ్ దాన్ని తన రాణి ఎల్ఫరాన్‌కు ఇచ్చాడు. కాలక్రమంలో అది ఆ వంశంలో చివరి మహారాజు మహారియన్ కాలానికి చేరింది. ఆయన ప్రాణస్నేహితుడు ఎరెత్-అక్బే ఆ యుగంలో అందరికంటే పెద్ద మాంత్రికుడు. తూర్పున ఉన్న నాలుగు కార్గాడ్ దీవులతో విరోధం ముదిరినప్పుడు సంధి కోరుతూ ఎరెత్-అక్బే కడియంతో సహా కారెగో-అట్ దీవికి వెళ్లాడు. అక్కడ జంటదేవుళ్ల ప్రధాన పూజారి ఇంటాతిన్ అతన్ని ఎదిరించాడు. పోరులో ఎరెత్-అక్బే దండం విరిగింది, శక్తి ఉడిగింది, కడియం రెండయింది. ఒక సగం పూజారుల చేతికి చిక్కి అటువాన్ సమాధుల కింద ఖజానాలో పడింది. రెండో సగం హుపున్ రాజు తోరెగ్ వంశానికి దక్కింది. ఎరెత్-అక్బే ప్రాణాలతో బయటపడినా తరవాత పడమటి కొసన సెలిడార్ దీవిలో ఒక డ్రాగన్‌తో పోరాడి, దాన్ని చంపి తానూ చనిపోయాడు. అతని కత్తిని హావ్నార్‌లో అన్నిటికంటే ఎత్తైన గోపురం కొసన నిలబెట్టారు.

సంధి కోసం తీసుకెళ్లిన వస్తువు సంధి చెడి విరిగింది. విరిగిన చోట ఉన్నది ఆ తొమ్మిదో అక్షరం, శాంతి అక్షరం. తక్కిన ఎనిమిది అక్షరాలు ఓర్పునిచ్చేవి, ఆపద తప్పించేవి. అవన్నీ ఒక్క మనిషికో ఒక్క ఇంటికో పనికొచ్చేవి. ఇద్దరి మధ్య ఉండాల్సిన అక్షరం ఒక్కటే, ఇద్దరూ విడిపోయినప్పుడు చెరిగింది అదొక్కటే.

సగాలుగా చేసిన గుర్తులు నిజ చరిత్రలో చాలా చోట్ల ఉన్నాయి. వాటిలో నన్ను ఎక్కువగా ఆకట్టుకున్నవి ప్రాచీన చైనా పులిబొమ్మలు. పోరాడే రాజ్యాల కాలంలో రాజులు కంచుతో చిన్న పులిని పోత పోయించి, దాన్ని నిలువునా రెండుగా చేయించేవారు. చిన్ రాజ్యానిది ఒకటి ఇప్పటికీ షియాన్ నగరంలోని మ్యూజియంలో ఉంది. దాని మీద బంగారంతో పొదిగిన అక్షరాలున్నాయి. కుడి సగం రాజు దగ్గర ఉంటుందని, ఎడమ సగం దూ అనే చోట ఉంటుందని, 50 మందికి మించి సాయుధులను కదిలించాలంటే రెండు సగాలూ కలవాలని ఆ రాత చెబుతుంది. ఆపద వచ్చి గుట్ట మీద నిప్పు రాజేసినప్పుడు మాత్రం సగాలు కలిసేదాకా ఆగక్కర్లేదు. అంత చిన్న బొమ్మ మీద అంత వివేకమైన చట్టం!

క్రీ.పూ. 257లో ఆ సగాల మీద ఒక రాజ్యం బతుకు ఆధారపడింది. చిన్ సైన్యం జావో రాజధాని హాండాన్‌ను ముట్టడించింది. పొరుగున ఉన్న వే రాజు సాయం పంపినట్టే పంపి, చిన్‌కు జడిసి, సేనాని జిన్ బీని సరిహద్దులో ఆపేశాడు. రాజు తమ్ముడు షిన్లింగ్ ప్రభువుకు అది సహించలేదు. రాజు పడకగదిలో ఉన్న పులిసగాన్ని అంతఃపురంలోని రూ అనే యువతి చేత దొంగిలింపజేసి, సేనాని దగ్గరికి తీసుకెళ్లాడు. సగాలు కలిశాయి. కలిసినా జిన్ బీకి అనుమానం తీరలేదు. ఇంత పెద్ద సైన్యాన్ని అప్పగించడానికి ప్రభువు ఒంటరిగా బండెక్కి రావడమేమిటి అనుకున్నాడు. ప్రభువు వెంట వచ్చిన జూ హాయ్ ఇనప సుత్తితో అతన్ని అక్కడికక్కడే చంపాడు. సైన్యం కదిలింది, హాండాన్ బతికింది. సీమా చియెన్ తన చరిత్రలో రాసిన ఈ ఘట్టంలో ముక్కలు సరిగ్గా అతికినా మనిషికి నమ్మకం కుదరకపోవడమే అసలు విషయం. ఎర్త్‌సీ కథలోనూ మనకు ఎదురయ్యే ప్రశ్న అదే. లె గ్విన్ ఈ బొమ్మలను చూసి కడియాన్ని కల్పించారని నేను అనడం లేదు. రాజ్యాధికారాన్నీ నమ్మకాన్నీ ఒక రాసిన వస్తువులో దాచి దాన్ని రెండు చేయడం మనుషులు నిజంగా చేసిన పనేనని గుర్తుచేస్తున్నాను.

కార్గాడ్ ప్రజల గురించి కాస్త ఆగి చెప్పుకోవాలి, ఎందుకంటే అసలు మలుపు వాళ్లతోనే ఉంది.

వాళ్లకు రాత అంటే పాపం. మంత్రవిద్యకు అది మారుపేరు. లెక్కల్లో మాత్రం వాళ్లు దిట్టలు, పన్నెండు ఆధారంగా లెక్కిస్తారు. రంగు రంగుల, సన్నపు, లావుపాటి నూలు పోగుల నేతలో తమ జమాఖర్చులన్నీ దాచుకుంటారు. దక్షిణ అమెరికాలో ఇంకా సామ్రాజ్యం రాత లేకుండానే ముడులు వేసిన తాళ్ల మీద పన్నులనూ జనాభానూ లెక్కకట్టిందని మనకు తెలుసు. క్రోబర్ కూతురికి అది తెలియకుండా ఉండదు. దేవరాజులు అధికారంలోకి వచ్చాకే కార్గాడ్‌లో గుమాస్తాలూ వర్తకులూ హార్డిక్ అక్షరాలను కొద్దిగా మార్చి తమ భాషకు వాడుకోవడం మొదలుపెట్టారు. పూజారులు అప్పటికీ ముట్టలేదు. చాలామంది ప్రతి అక్షరం రాశాక దాని మీద పలచగా ఒక గీత కొడతారు, లోపల పొంచి ఉన్న మాయ చచ్చిపోవడానికి. రాయక తప్పదు, రాసినదాన్ని నమ్మనూ లేరు. ఒక జాతి భయాన్ని ఇంత చిన్న గీతలో పట్టిన రచయితలు నాకు అరుదుగా కనిపించారు.

ఇంకో మాట. ఎర్త్‌సీలో చదువూ నాగరికతా ఉన్న నడిమి దీవుల జనం గోధుమ రంగువాళ్లు, నల్లవాళ్లు. గెడ్‌ది రాగిరంగు. పడవల్లో వచ్చి ఊళ్లు తగలబెట్టే కార్గాడ్ జనం తెల్లవాళ్లు. 1968లో ఒక అమెరికన్ పిల్లల పుస్తకంలో ఇది చిన్న విషయం కాదు. పుస్తకాల అట్టల మీద బొమ్మలు గీసినవాళ్లు చాలాకాలం గెడ్‌ను తెల్లవాడిగానే చూపించారు. 2004లో అమెరికన్ టీవీ సీరియల్ కూడా అదే చేసినప్పుడు లె గ్విన్ పత్రికకెక్కి గట్టిగా నిరసన తెలిపారు.

కడియం రెండు ముక్కలూ కార్గాడ్ చేతుల్లోనే ఉన్నాయి. రెండూ చీకట్లోనే పడి ఉన్నాయి. తోరెగ్ వంశం సగాన్ని చివరికి ఎవరు దాచారో మొదటి నవలలోనే ఉంది, కాకపోతే చదివేవాళ్లకూ గెడ్‌కూ అప్పటికి దాని అర్థం తెలియదు. తుఫానుకు పడవ పగిలి గెడ్ ఒక ఇసుక దిబ్బ మీదికి కొట్టుకొచ్చాడు. అక్కడ ఇద్దరు ముసలివాళ్లు, అన్నాచెల్లెళ్లు. మనిషి ముఖం చూసి ఎన్నేళ్లయిందో వాళ్లకే తెలియదు, మాటలు కూడా మరిచిపోయారు. రాజరక్తం చిందించడానికి భయపడిన ఒక దేవరాజు పసిపిల్లలుగా ఉన్నప్పుడే వాళ్లను ఆ దిబ్బ మీద వదిలేయించాడు. ముసలావిడ తన చిన్ననాటి పట్టుగౌను తీసి చూపించింది. ముత్యాలతో కుట్టిన రాజచిహ్నం దాని మీద ఉంది. తరవాత ఒక విరిగిన లోహపు ముక్కను గెడ్ చేతిలో పెట్టింది. గెడ్ కాదనలేక తీసుకున్నాడు. వెళ్లేముందు వాళ్లు తాగే ఉప్పునీటి చెలమకు మంత్రం వేసి తీయగా మార్చాడు. ఆ ముక్క ఏమిటో కొన్నేళ్ల తరవాత సెలిడార్ దీవిలోని మరో డ్రాగన్ చెప్పేదాకా అతనికి తెలియలేదు.

రెండో సగం అటువాన్ సమాధుల కింద ఉంది. ఆగ్నేయ ఓరెగాన్‌లోని ఎడారి ప్రాంతానికి చేసిన ఒక చిన్న ప్రయాణం నుంచే ఈ నవల పుట్టిందని లె గ్విన్ చెప్పారు. ఆ ఎండిన నేలా ఆ రాళ్లూ ఆ నిశ్శబ్దమూ పుస్తకం నిండా ఉన్నాయి. టెనార్ అనే పసిపిల్లను తల్లిదండ్రుల దగ్గర నుంచి తెచ్చి, పేరు తీసేసి, అర్హా అనే కొత్త పేరుతో ‘పేరులేని శక్తుల’కు పూజారిణిని చేస్తారు. నేల కింద ఆమె రాజ్యం పెద్ద చిక్కుదారుల సొరంగం. దాని గుండెలోని గుహలో వెలుగు నిషిద్ధం. ఆమె ఆ దారులన్నీ గోడలను తడుముతూ, మలుపులు లెక్కపెట్టుకుంటూ కంఠతా పట్టింది. చదవడం రాదు, వాళ్ల దేశంలో పూజారిణికి అది అవసరం లేదు, తగదు కూడా. పదిహేనేళ్ల వయసులో ఒకరోజు ఆ గుహలో వెలుగు చూసింది. దొంగతనానికి వచ్చిన ఒక మాంత్రికుడి చేతికర్ర కొసన ఆ వెలుగు.

అతన్ని బందీగా పట్టుకున్న పిల్లకూ పట్టుబడిన మనిషికీ మధ్య జరిగే మాటలే నవలలో పెద్దభాగం. దాహంతో చావడానికి సిద్ధంగా ఉన్న గెడ్‌కు ఆమె నీళ్లిచ్చింది. అతని మెళ్లో ఉన్న ముక్కను ఆమె లాక్కుంది. ఖజానాలో ఉన్న ముక్క అతనికి దొరికింది. కడియం చరిత్ర, పోయిన అక్షరం సంగతి అతను ఆమెకు చెప్పాడు. అక్షరమంటే ఏమిటో ఎరగని పిల్ల, అక్షరాలనే చదువుగా బతికిన మాంత్రికుడు! రెండు సగాలూ శత్రువుల్లాంటి ఆ ఇద్దరి చేతుల్లో ఉన్నాయి, ఏ ఒక్కరూ రెండో ముక్క లేకుండా ఏమీ చేయలేరు. గెడ్ మంత్రంతో ముక్కలు అతికాయి. కడియం ఎన్నడూ విరగనట్టే అయింది. పోయిన అక్షరం తిరిగి పుట్టింది. దాన్ని గెడ్ టెనార్ చేతికి తొడిగాడు.

గెడ్ దగ్గర శక్తి ఉంది, కానీ ఆ చీకటి నుంచి బయటికి దారి తెలిసింది ఆమెకే. సమాధులు కూలి, భూమి కంపించి, ఆ ఇద్దరూ పడవలో హావ్నార్ చేరారు. ఆ అక్షరం మహానగరంలోకి వచ్చింది చదవడం రాని ఒక పరదేశీ పిల్ల చేతి మీద. దాని గీతలు ఎలా ఉంటాయో మాత్రం కథలో వర్ణన లేదు. మనకు దాని పని తెలుసు, పేరు తెలుసు, ఆకారం తెలియదు. లె గ్విన్ అలా వదిలేయడం తెలిసి చేసిన పనే అని నేను నమ్ముతాను.

ఆ పుస్తకం వచ్చిన కాలాన్ని గుర్తుచేసుకోవాలి. వియత్నాం యుద్ధానికి వ్యతిరేకంగా లె గ్విన్ తాను స్థిరపడ్డ పోర్ట్‌లండ్‌లో ఊరేగింపుల్లో నడిచారు. 1972లో వచ్చిన ఆమె మరో రచన ‘ది వర్డ్ ఫర్ వరల్డ్ ఈజ్ ఫారెస్ట్’ ఆ యుద్ధం మీద కోపంతోనే పుట్టింది. ఆ రోజుల్లో కుర్రవాళ్ల చొక్కాల మీద, గోడల మీద, జెండాల మీద ఒక శాంతి చిహ్నం కనిపించేది. 1958లో బ్రిటన్‌లో అణ్వాయుధ వ్యతిరేక ఊరేగింపు కోసం జెరాల్డ్ హోల్టమ్ గీసిన గుర్తు అది. జెండాలు చేతపట్టి దూరానికి సైగ చేసే పద్ధతిలో ఎన్, డి అనే రెండు అక్షరాల భంగిమలను ఒకదాని మీద ఒకటి వేసి, చుట్టూ వృత్తం గీశాడు. రెండు అక్షరాలు కలిస్తే శాంతి! ఒక గుర్తు గీస్తే, దాన్ని అందరూ ధరిస్తే యుద్ధం ఆగుతుందని లక్షల మంది మనస్ఫూర్తిగా ఆశపడిన తరం అది. ఆ ఆశను లె గ్విన్ ఎగతాళి చేయలేదు, అలాగని దాని మీదే కథ ముగించనూ లేదు.

1972లో వచ్చిన మూడో పుస్తకం ‘ది ఫార్దెస్ట్ షోర్’ తెరిచేసరికి కడియం హావ్నార్‌లో క్షేమంగా ఉంది, రాజు మాత్రం లేడు. ముందు కొన్నాళ్లు పరిస్థితి బాగుపడింది. మళ్లీ పాడైంది. మాంత్రికులు మంత్రాలు మరిచిపోతున్నారు, పాటగాళ్లకు పాటలు తోచడం లేదు, చేతివృత్తులవాళ్ల చేతుల్లో నేర్పు పోతోంది. కాబ్ అనే మాంత్రికుడు చావు లేకుండా ఉండాలన్న ఆశతో బతుకుకూ చావుకూ మధ్య గోడలో ఒక కన్నం తెరిచాడు, ఆ కన్నంలోంచి లోకంలోని వెలుగంతా కారిపోతోంది. గెడ్ ఎన్లాడ్ రాకుమారుడు ఆరెన్‌ను వెంటబెట్టుకుని చచ్చినవాళ్ల లోకంలోకి దిగాడు. అక్కడ తన దండంతో నిప్పు గీతల్లో ఒక అక్షరం గీసి ఆ ద్వారాన్ని మూశాడు. దాని పేరు ఆగ్నెన్, ముగింపు అక్షరం. దారులు మూయడానికీ శవపేటికల మూతల మీదా రాసేది అదే. దాన్ని గీయడంలో గెడ్ శక్తి మొత్తం ఆవిరైపోయింది, మళ్లీ రాలేదు. అతికించే అక్షరం అతన్ని ఏమీ అడగలేదు, మూసే అక్షరం ఉన్నదంతా తీసుకుంది. చచ్చినవాళ్ల లోకం దాటి ప్రాణాలతో తిరిగొచ్చిన ఆరెన్, మహారియన్ చెప్పిపోయిన జోస్యం ప్రకారం లెబానెన్ అనే నిజనామంతో హావ్నార్ రాజయ్యాడు. ఈ పుస్తకానికి 1973లో నేషనల్ బుక్ అవార్డు వచ్చింది.

చాలామంది పాఠకులు కథ అక్కడ పూర్తయిందనుకున్నారు. లె గ్విన్ అనుకోలేదు. 1990లో ‘టెహాను’లో మనకు మళ్లీ కనిపించే టెనార్ గాంట్ దీవిలో ఒక రైతు విధవ. కడియం తెచ్చిన మహిళ అని ఊళ్లో ఆమెకు గౌరవం ఉంది, కానీ ఆమె గొర్రెలు కాసింది, పిల్లలను పెంచింది, ఒంటరి ఆడదానికి ఊళ్లో ఎదురయ్యే బెదిరింపులన్నీ భరించింది. శాంతి అక్షరం ఆమె వాకిలి దాకా రాలేదు. కుటుంబమే నిప్పుల్లో తోసేస్తే సగం కాలిన ఒక చిన్నపిల్లను ఆమె చేరదీసింది. కడియం హావ్నార్‌లో ఉన్న రోజుల్లోనే ఇదంతా. ఈ పుస్తకం చాలామంది పాత అభిమానులకు మింగుడుపడలేదు. నాకు మాత్రం కడియం కథలో అన్నిటికంటే నిజాయితీ ఉన్న భాగం ఇదే.

2001లో చివరి నవల ‘ది అదర్ విండ్’ వచ్చింది. కార్గాడ్‌లో దేవరాజుల పాలన పోయింది. హుర్-అట్-హుర్ నుంచి తోల్ అనే కొత్త మహారాజు లేచాడు. హావ్నార్‌తో సంధి చేసుకోవడానికి కూతురు సెసెరాఖ్‌ను ఓడ ఎక్కించి లెబానెన్ దగ్గరికి పంపాడు, తల నుంచి పాదాల దాకా ఎర్ర ముసుగులో. ఎల్ఫరాన్ కడియం తన కూతురి చేతికి చేరాలన్నది అతని పట్టు. ఎరెత్-అక్బే సంధి కోసం మోసుకెళ్లి పోగొట్టిన కడియాన్నే ఇప్పుడు అవతలివాళ్లు సంధికి గుర్తుగా అడిగారు. లెబానెన్ కోపంతో మండిపడ్డాడు, ఆ పిల్లతో మాట్లాడటానికే ఇష్టపడలేదు. ఆమె భాష ఆ కోటలో ఎవరికీ సరిగ్గా రాదు. కబురు పంపి టెనార్‌ను పిలిపించారు. నలభై ఏళ్లుగా మాట్లాడని తన చిన్ననాటి భాషను కూడదీసుకుని, హడలిపోయి ఉన్న ఆ పిల్ల పక్కన కూర్చుని ఆమెకు హార్డిక్ మాటలు నేర్పింది టెనార్.

సెసెరాఖ్ భయం వెనుక ఒక నమ్మకం ఉంది. చచ్చిపోయిన కార్గాడ్ మనిషి మళ్లీ పుడతాడు. నడిమి దీవుల మాంత్రికులు మాత్రం చచ్చినా చావకుండా, పుట్టకుండా ఎండిన చీకటి లోకంలో గోడ వెనక ఉండిపోతారు. చదువురాని అనాగరికుల మూఢత్వమని రోక్ పండితులు శతాబ్దాలుగా కొట్టిపారేసిన మాట అది. నవల చివరికొచ్చేసరికి వాళ్లు చెప్పిందే సరైనదని తేలుతుంది. ఆ గోడ పూర్వపు మాంత్రికులు చేసిన తప్పు. దాన్ని పడగొట్టడానికి ఏ అక్షరమూ పనికిరాలేదు. పగిలిన కుండలూ కూజాలూ అతికించి బతికే ఆల్డర్ అనే చిన్న మాంత్రికుడు మొదటి రాయిని చేత్తో పెరికాడు, రాజూ తక్కినవాళ్లూ అతనితో చేయి కలిపారు.

లెబానెన్‌కూ సెసెరాఖ్‌కూ పెళ్లి ఖాయమవుతుంది. టెనార్ గాంట్‌కు, గెడ్ దగ్గరికి, తిరిగి వెళ్లిపోతుంది. ఆ తరవాత లె గ్విన్ ఎర్త్‌సీ మీద ఇంకో నవల రాయలేదు. 2018 జనవరి 22న పోర్ట్‌లండ్‌లో కన్నుమూశారు. ఆ ఏడాదే చార్లెస్ వెస్ బొమ్మలతో ఎర్త్‌సీ పుస్తకాలన్నీ ఒకే సంపుటంగా వెలువడ్డాయి.

వచ్చే వారం: వెన్నెల్లో తప్ప కనిపించని అక్షరాలు – టోల్కీన్ మరుగుజ్జుల రాత.